ఫారోకీ సినిమాకి నిద్రొచ్చిందా, పర్లేదు, ముందు మీ నానమ్మ వేలు చూడు

తమ్ముడూ, నీ ప్రశ్న రెండుసార్లు చదివా. టెక్నాలజీ, ఐడెంటిటీ మీద అరగంట ఎక్స్‌పెరిమెంటల్ డాక్యుమెంటరీ తీయాలి, రేషన్ షాపులో మీ నానమ్మకి వేలిముద్ర పడకపోవడంతో మొదలుపెట్టి, ఫోన్ ఫేస్ అన్‌లాక్ మీదుగా, పోయిన తాతయ్య పాత ఫొటోని ఏఐతో కదిలించి మాట్లాడించేదాకా వెళ్లాలి, మధ్యలో బొమ్మ పాడైనట్టు చెదిరిపోయే గ్లిచ్ ఎఫెక్టులు, వెనకాల నీ గొంతుతో "నేనెవరు" అని వాయిస్ ఓవర్. ఎవరో హారున్ ఫారోకీ అనే జర్మన్ డాక్యుమెంటరీ డైరెక్టర్ సినిమాలు చూడమన్నారు, చూస్తే నిద్రొచ్చింది, అసలు ఇందులో ఏముంది, నా సినిమాకి ఎలా పనికొస్తుంది అని అడిగావు. నేను ఇరవై ఏళ్లుగా డాక్యుమెంటరీలు ఎడిట్ చేస్తున్నా, మధ్యమధ్యలో నావి రెండు మూడు తీశా, వాటిలో ఒకటి అచ్చం నువ్వు చెప్పినట్టే తీసి బోర్లాపడ్డా, అందుకని కాస్త పొడుగ్గానే చెప్తా.

ముందు ఆ నిద్ర సంగతి తేల్చేద్దాం. నాకూ వచ్చింది. ఆయన 1988లో తీసిన "ఇమేజెస్ ఆఫ్ ద వరల్డ్ అండ్ ద ఇన్‌స్క్రిప్షన్ ఆఫ్ వార్" గంటా పావు ఉంటుంది, మొదటిసారి నేను అరగంట దాటాక కునుకు తీశా. ఆ వాయిస్ ఓవర్ ఎలా ఉంటుందంటే కరెంటాఫీసులో బిల్లు వివరాలు చదివి వినిపించినట్టు, ఏడుపుండదు, కోపముండదు, చూపించిన బొమ్మే మళ్లీ చూపిస్తాడు, కాసేపయ్యాక ఇంకోసారి చూపిస్తాడు. రెండోసారి చూస్తే అప్పుడు వెలిగింది, ఈయన ఒక్కో బొమ్మని టేబుల్ మీద పెట్టి, దీన్ని ఎందుకు తీశారు, ఎవరి కోసం తీశారు, తీసినవాళ్లకి ఇందులో ఏం కనపడలేదు అని అడుగుతున్నాడు. ఆ మూడు ప్రశ్నలే. నీ సినిమాకి కావాల్సినవీ అవే.

మనిషి గురించి రెండు ముక్కలు. 1944లో పుట్టాడు, అప్పట్లో జర్మనీ కలిపేసుకున్న, ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో ఉన్న ఊళ్లో. తండ్రి మన దేశం నుంచి 1920ల్లో జర్మనీ వెళ్లిన మనిషి. చిన్నప్పుడు కొన్నేళ్లు ఇండియాలో, ఇండోనేషియాలో పెరిగి మళ్లీ జర్మనీ చేరాడు. బెర్లిన్ ఫిల్మ్ స్కూల్‌లో 1966లో చేరి, 1968లో రాజకీయాల వల్ల బయటికి గెంటించుకున్నాడు. ఇంటిపేరు స్పెల్లింగ్ కూడా మధ్యలో తనే మార్చుకున్నాడు. (ఆధార్‌లో ఒకలా, పాన్‌లో ఒకలా, టెన్త్ మెమోలో ఇంకోలా ఇంటిపేరున్న మనకి ఇది పెద్ద వింతేం కాదనుకో.) ఇన్ని మలుపులున్న మనిషికి "నేనెవరు" అని అరడజను సినిమాలు తీయడం ఎంత సులువు చెప్పు. 2014లో పోయేదాకా ఆయన అటు వెళ్లకుండా ఫ్యాక్టరీలు, జైళ్లు, మిలిటరీ ట్రైనింగ్ హాళ్లు, వీడియో గేములు, ఇటుక బట్టీలు తిరిగాడు.

ఇప్పుడు ఆ 1988 సినిమాలోంచి రెండు చోట్లు చెప్తా, నువ్వు నిద్రపోయింది బహుశా వీటి దగ్గరే.

ఒకటి, 1944 ఏప్రిల్ 4న జర్మనీతో పోరాడుతున్న మిత్రరాజ్యాల విమానం ఒకటి పోలండ్ మీద ఎగురుతూ ఐజీ ఫార్బెన్ అనే కెమికల్ కంపెనీ ఫ్యాక్టరీని పైనుంచి ఫొటోలు తీసింది, తర్వాత బాంబులు వేయాలి కాబట్టి. ఆ ఫొటోలు ఇంగ్లండ్‌కి వెళ్లాయి, అక్కడ వాటిని చదివేవాళ్లు పవర్‌హౌస్ ఇదీ అదీ అని ఫ్యాక్టరీలో భాగాలన్నీ గుర్తులు పెట్టారు. పక్కనే నాజీలు యూదుల్ని లక్షల్లో చంపిన ఆష్విట్జ్ క్యాంపు కూడా ఆ ఫొటోల్లో పడింది. వాళ్లని వెతకమన్నది ఫ్యాక్టరీని కాబట్టి క్యాంపు మీద ఒక్క అక్షరం రాయలేదు. 33 ఏళ్ల తర్వాత 1977లో ఇద్దరు సీఐఏ ఉద్యోగులు అవే పాత ఫొటోలు బయటికి తీసి, ఇదిగో గ్యాస్ ఛాంబర్, ఇదిగో గేటు అని రాశారు. అన్నేళ్లూ అదంతా ఆ ఫిల్ము మీదే ఉంది.

రెండోది నీకు మరీ దగ్గర. 1960లో అల్జీరియాలో ఫ్రెంచ్ సైన్యం ఊళ్లకి ఊళ్లు ఖాళీ చేయించి జనాన్ని ఒకచోట చేర్చింది, అందరికీ గుర్తింపు కార్డులు ఇవ్వాలంది. మార్క్ గరాంజే అని పాతికేళ్ల కుర్ర సైనికుడికి ఆ ఫొటోల డ్యూటీ వేశారు, పది రోజుల్లో దాదాపు రెండు వేల ఫొటోలు తీశాడు. పరాయి మగాడి ముందు ముసుగు తీయని ఆడవాళ్లని స్టూలు మీద కూర్చోబెట్టి ముసుగు తీయించారు. ఫారోకీ ఆ ఫొటోల పుస్తకం తెరిచి ఒక ముఖం మీద తన చెయ్యి పెడతాడు, ముక్కూ నోరూ కప్పేసి కళ్లు మాత్రమే వదిలేసి. వెనక నుంచి గొంతు చెప్తుంది, ఈ కళ్లకి ఎదుటివాళ్ల చూపు అలవాటే, ఈ నోటికి అలవాటు లేదు అని. అంతే. మ్యూజిక్ లేదు, జూమ్ లేదు. అరచెయ్యి ఒకటి అడ్డం పెట్టి, ఐడీ కార్డు అనే వస్తువు ఆ మనిషికి ఏం చేసిందో చూపించేశాడు. నేను ఎడిటింగ్ నేర్పే పిల్లలకి ఎఫెక్ట్స్ క్లాసు మొదట్లో ఇదే చూపిస్తా, ఇంతకంటే మంచి ఎఫెక్ట్ మీ సాఫ్ట్‌వేర్‌లో ఉంటే చెప్పండి అని.

అది చూసిన ప్రతిసారీ నాకు ఉపాధి హామీ పని గుర్తొస్తుంది. 2023 జనవరి నుంచి పని జరిగే చోట రోజుకి రెండుసార్లు యాప్‌లో ఫొటో తీసి ఎక్కించాలన్న రూలు గట్టిగా పెట్టారు కదా. మా అమ్మ వాళ్ల ఊరి చెరువు గట్టు మీద చూశా, మేట్ ఫోన్ పట్టుకుని నిలబడి "ఇటు చూడండమ్మా ఇటు" అంటాడు, ఆడవాళ్లు పారలు పక్కన పెట్టి కొంగులు సర్దుకుంటారు, ఇద్దరు నవ్వుతారు, ఒకామె తట్ట నెత్తిన పెట్టుకునే నిలబడుతుంది, ఫొటో తీశాక సిగ్నల్ లేక మేట్ గట్టెక్కి ఫోన్ ఆకాశానికి చూపిస్తూ తిరుగుతాడు. ఆ ఫొటోని ఎవరూ ఆల్బంలో పెట్టుకోరు, పెళ్లికి బ్యానర్ కట్టరు, అందులో తను బాగా పడ్డానా లేదా అని చూసుకునే అవకాశం కూడా ఆమెకి లేదు. అది మస్టర్ కోసం, అంటే హాజరు పట్టీ కోసం. ఫారోకీ ఇలాంటి వాటికి "ఆపరేషనల్ ఇమేజ్" అని పేరు పెట్టాడు, అంటే మనం చూసి ఆనందించడానికో సమాచారానికో కాకుండా ఒక పనిలో భాగంగా తయారయ్యే బొమ్మ. 2000 తర్వాత "ఐ మెషీన్" (ఐ అంటే కన్ను) అని మూడు భాగాలుగా చేశాడు, 1991 గల్ఫ్ యుద్ధంలో మిసైల్ ముక్కుకి కెమెరా పెట్టి తీసిన బొమ్మలతో మొదలవుతుంది. మిసైల్ నేలని తాకగానే బొమ్మ ఆగిపోతుంది. దాని పని అయిపోయింది మరి.

నువ్వు వాయిస్ ఓవర్లో "నన్ను యంత్రం ఎవరని అడుగుతోంది" అని రాసుకున్నావు చూడు, అక్కడే తేడా కొడుతోంది. మిషన్ ఎప్పుడూ నువ్వెవరని అడగదు తమ్ముడూ. దాని దగ్గర ముందే ఒకటి రాసిపెట్టి ఉంది, ఇప్పుడు ఎదురుగా ఉన్నది దానికి సరిపోయిందా లేదా, అంతే దాని గొడవ. మీ నానమ్మ ఎవరో డీలర్‌కి తెలుసు, ఆమె పెళ్లినాటి సంగతులు కూడా ఆ డీలర్ వాళ్ల నాన్నకి తెలిసుంటాయి, క్యూలో ఉన్న అందరికీ తెలుసు. తెలియడం వేరు, సరిపోలడం వేరు. నీ సినిమా ఈ రెండిటి మధ్య ఉంది, సర్క్యూట్ బోర్డు క్లోజప్పుల్లో లేదు.

అసలు మన భాషలోనే దీనికి బోలెడు సరుకుంది, నువ్వేమో గ్లిచ్ కోసం వెతుకుతున్నావు. "గుర్తింపు" అనే ఒక్క మాటని కార్డుకీ వాడతాం, పేరుప్రతిష్ఠలకీ వాడతాం, మనిషిని చూసి పోల్చుకోవడానికీ వాడతాం. "వేలిముద్రగాడు" అంటే చదువు రానివాడని వెక్కిరింత, ఇప్పుడు పీహెచ్‌డీ చేసినవాడు కూడా పొద్దున్నే ఆఫీసులో వేలిముద్ర వేస్తే గానీ జీతం పడదు. ఇంకోటి, టెన్త్ సర్టిఫికెట్‌లో పుట్టుమచ్చలు. మా బడిలో మా సారు మమ్మల్ని లైన్లో నిలబెట్టి చొక్కా చేతులు పైకి మడిపించి వెతికారు, మా వాడొకడికి రెండో మచ్చ ఎంతకీ దొరకలేదు, సారు విసిగిపోయి చిన్నప్పుడు సైకిల్ మీంచి పడ్డ దెబ్బని మచ్చ కింద రాసేశారు. వాడికి ఇప్పుడు యాభై దగ్గర పడుతోంది, ఆ మచ్చ ఎప్పుడో మాసిపోయింది, సర్టిఫికెట్‌లో మాత్రం భద్రంగా ఉంది. ఒకసారి కెమెరా ముందు వాణ్ని ఆ సర్టిఫికెట్ పట్టుకుని మోకాలి మీద మచ్చ వెతుక్కోమన్నా, నాలుగు నిమిషాలు వెతికాడు, నవ్వుతూ మొదలుపెట్టి చివరికి నిజంగానే సీరియస్ అయిపోయాడు. నేను తీసినవాటిలో నాకు బాగా నచ్చిన షాటు అది.

ఇక నేను బోర్లాపడ్డ కథ. కొన్నేళ్ల కిందట వేలిముద్రల మీదే ఇరవై రెండు నిమిషాల ఫిల్మ్ తీశా. పైనుంచి కిందకి కారే సున్నాలు ఒకట్లు పెట్టా, ముఖాలు ముక్కలు ముక్కలుగా పగిలే ఎఫెక్ట్ పెట్టా, నా గొంతుతోనే "నేనొక సంఖ్యనా" అని అడిగా, ఇప్పుడు తలుచుకుంటే తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియదు. సిటీలో వేస్తే చప్పట్లు కొట్టారు. షూట్ చేసిన ఊరికి తీసుకెళ్లి బడిలో గోడకి పంచె కట్టి ప్రొజెక్టర్ వేశాం. అయిపోయాక మిరపకాయ కోతలకి వెళ్లే ఒక పెద్దావిడ, సినిమాలో ఆవిడ ముఖమే పది ముక్కలు చేశా, లేచి అడిగింది, "అంతా బాగానే ఉంది గానీ బాబూ, ఆ మిషను నాకు బియ్యం ఇచ్చిందో లేదో చెప్పలేదేం?" అని.

ఇంటికొచ్చి రషెస్, అంటే ఎడిట్ చేయని ఫుటేజ్, మళ్లీ చూశా. ఆవిడ షాటు నాలుగు నిమిషాల పైన ఉంది. ముందు బొటనవేలు చీర అంచుకి తుడుచుకుంది, పెట్టింది, పడలేదు. డీలర్ "గట్టిగా నొక్కు" అన్నాడు. నొక్కింది. "అంత గట్టిగా కాదు" అన్నాడు. వేలు జుట్టుకి రాసుకుని కాస్త నూనె అంటించుకుని పెట్టింది. చూపుడువేలు, ఎడమచెయ్యి, మళ్లీ బొటనవేలు. వెనకాల ఎవరో "నీ గీతలన్నీ మిరపకాయలే తినేశాయే" అన్నారు, అందరూ నవ్వారు, ఆవిడా నవ్వింది. తర్వాత నెట్ పోయింది. "రేపు రా" అన్నాడు. ఆవిడ ఖాళీ సంచి నాలుగు మడతలు పెట్టి చంకలో పెట్టుకుని వెళ్లిపోయింది. సినిమా అంతా ఆ షాట్‌లోనే ఉంది, నేను అందులోంచి మూడు సెకన్లు వేలు క్లోజప్ వాడుకుని మిగతాది బిన్‌లో పడేశా. బోర్ కొడుతుందని!

కాబట్టి ఎఫెక్టులు వద్దంటున్నానని కాదు, పని మొదటి నుంచి చివరిదాకా ఒక్కసారైనా కనపడాలి, ఆ తర్వాత నీ ఇష్టం. ఫారోకీ, ఆయన భార్య ఆంట్యే ఏమన్ ఇద్దరూ కలిసి 2011 నుంచి "లేబర్ ఇన్ ఎ సింగిల్ షాట్" అని పదిహేను నగరాల్లో వర్క్‌షాపులు పెట్టారు, అందులో బెంగళూరు కూడా ఉంది. రూలు ఒకటే, ఏదో ఒక పని, ఒకటి రెండు నిమిషాల్లో, ఒకే షాటు, కట్ లేదు. వీడియోలు ఆ ప్రాజెక్టు వెబ్‌సైట్‌లోనే ఉంటాయి, రోజుకి పది చూడు, వీటికి నిద్ర రాదు. కట్ లేకపోయేసరికి ఎక్కడ నిలబడాలి, ఎప్పుడు మొదలెట్టాలి, ఎప్పుడు ఆపాలి అని నువ్వు షూట్ చేసే ముందే ఆలోచించి తీరాలి. ఈ ఎక్సర్‌సైజు చేయకుండా నేను ఏ కుర్రాడినీ కెమెరా ముట్టుకోనివ్వను.

ఇంకో పనికొచ్చే సంగతి, ఆయన గ్యాలరీల కోసం చేసినవాటిలో రెండు బొమ్మలు పక్కపక్కన పెడతాడు. అమెరికాలో కోర్కొరన్ జైలు నిఘా కెమెరా ఫుటేజ్‌తో 2000లో చేసినదాంట్లో ఒక పక్క యార్డులో తిరిగే ఖైదీలు, ఇంకో చోట సూపర్ మార్కెట్‌లో కస్టమర్లు ఎటు తిరుగుతున్నారో చుక్కలుగా చూపించే సాఫ్ట్‌వేర్. ఎవరు దొంగ ఎవరు దొర అని చెప్పడు, మనమే అటూ ఇటూ చూసి ఉలిక్కిపడతాం. నువ్వు సాఫ్ట్‌వేర్ జాబ్ అన్నావు కదా, మీ ఆఫీసు గేటు దగ్గర నీ ముఖం చూపిస్తే అర సెకనులో తలుపు తెరుచుకుంటుంది. అది ఎడమ పక్క. కుడి పక్క నానమ్మ వేలు. ఎడమది పదిసార్లు తెరుచుకునేలోపు కుడిది ఒక్కసారి కూడా అవ్వదు. ఒక్క ముక్క వాయిస్ ఓవర్ అక్కర్లేదు. (ఆఫీసులో పర్మిషన్ లేకుండా తీసి ఉద్యోగం పోగొట్టుకుని నా మీద పడకు.)

తాతయ్య ఏఐ సంగతికి వద్దాం, ఇక్కడ నాకు కాస్త భయంగానే ఉంది. ముందు "సీరియస్ గేమ్స్" చూడు, 2009, 2010ల్లో చేశాడు, నాలుగు భాగాలు. అమెరికన్ సైనికుల్ని యుద్ధానికి తయారుచేయడానికి కంప్యూటర్ గేములాంటి బొమ్మలు వాడతారు, యుద్ధం నుంచి మనసు విరిగి తిరిగొచ్చినవాళ్లకి ట్రీట్‌మెంట్‌కీ అలాంటి బొమ్మలే వాడతారు. ఒక తేడా మాత్రం ఉంది, ట్రైనింగ్ బొమ్మల్లో మనుషులకీ వస్తువులకీ నీడలు పడతాయి, ట్రీట్‌మెంట్ బొమ్మల్లో నీడలుండవు, ఎందుకంటే అది చవక వెర్షన్. ఈ ఒక్క నీడ సంగతి చెప్పి వదిలేస్తాడు మహానుభావుడు. మూడో భాగంలో ఒకతను కళ్లకి వీఆర్ హెడ్‌సెట్ పెట్టుకుని తోటి సైనికుడు చనిపోయిన రోజు చెప్తూ వణికిపోతాడు, గొంతు పూడుకుపోతుంది, మనకీ కళ్లు తడుస్తాయి, అయిపోగానే చుట్టూ కూర్చున్నవాళ్లు చప్పట్లు కొడతారు. అతను పేషెంటు కాదు, ఆ పద్ధతి ఎలా వాడాలో డెమో ఇస్తున్న మనిషి. మన ఏడుపు మొహం మీదే ఎండిపోతుంది.

ఏఐతో ముఖం మార్చడాన్ని నిజాయితీగా వాడిన సినిమా కావాలంటే డేవిడ్ ఫ్రాన్స్ 2020లో తీసిన "వెల్కమ్ టు చెచ్న్యా" చూడు. రష్యాలోని చెచ్న్యాలో గే అన్న కారణానికి వేటాడుతుంటే పారిపోయి వచ్చినవాళ్ల ముఖాలు చూపిస్తే ప్రాణం పోతుంది, ముఖాన్ని గళ్లు గళ్లుగా మసక చేసే మొజాయిక్ వేస్తే మనిషే మాయమైపోతాడు, అందుకని వేరే దేశంలో ఒప్పుకుని ముందుకొచ్చిన వాలంటీర్ల ముఖాల్ని వీళ్ల ముఖాల మీద పరిచారు. అంచుల దగ్గర కాస్త మసకగా ఉంచారు, ఇది సొంత ముఖం కాదు సుమా అని మనకి తెలిసేలా. అందులో ఒకతను తన పేరుతోనే ప్రెస్ ముందుకొచ్చి మాట్లాడాలని నిర్ణయించుకుంటాడు, ఆ క్షణంలో అరువు ముఖం మెల్లగా కరిగి అతని అసలు ముఖం బయటపడుతుంది. ఇక్కడ ఆ టెక్నాలజీ లేకపోతే సినిమానే లేదు. నీ తాతయ్య విషయంలో అలా ఉందా అని నిన్ను నువ్వు అడుక్కో. నా సలహా అయితే తాతయ్య మాట్లాడడం సినిమాలో పెట్టొద్దు, మాట్లాడించడానికి నువ్వు పడే పాట్లు పెట్టు. అప్‌లోడ్ చేసేటప్పుడు స్క్రీన్ రికార్డ్ చెయ్యి. తెలుగు గొంతు ఎంచుకోమంటుంది కదా, ఏది ఎంచుకున్నా న్యూస్ చదివినట్టే మాట్లాడుతుంది, మీది ఖమ్మం పక్కన అన్నావు, తాతయ్య జన్మలో ఎప్పుడైనా "నేను క్షేమంగా ఉన్నాను" అని ఉంటాడా? పళ్లు ఊడాక ఆయన మాట ఎలా ఉండేదో ఆ టూల్‌కి ఎవరు చెప్తారు? అది వచ్చాక నానమ్మకి చూపించాలా వద్దా అన్నది ముందు ఇంట్లో పెద్దవాళ్లతో మాట్లాడు. ఆమె చూస్తానంటేనే చూపించు, కెమెరా ఆమె ముఖానికి ఎదురుగా పెట్టకు, పక్కగా పెట్టు, ఆమె ఏమంటుందో ముందే స్క్రిప్టులో రాసుకోకు.

మిగతావి గబగబా. హిటో స్టైయర్ల్ అని జర్మన్ ఫిల్మ్‌మేకర్ 2013లో "హౌ నాట్ టు బీ సీన్" అని కెమెరాకి దొరక్కుండా ఎలా బతకాలో పాఠం చెప్తున్నట్టు తీసింది, కామెడీగానే ఉంటుంది, ఫారోకీ కంటే ముందు అదే చూడు కావాలంటే. లిన్ హెర్ష్‌మన్ లీసన్ అని అమెరికా ఆవిడ 1970ల్లోనే లేని మనిషిని ఒకామెని సృష్టించి డ్రైవింగ్ లైసెన్సుతో సహా సంపాదించింది, అప్పటికి ఇంటర్నెట్టే లేదు.

టెక్నికల్‌గా, ట్యూబులైట్ల కింద తీస్తావు కాబట్టి షట్టర్ స్పీడు 1/50 సెకను దగ్గర పెట్టు, లేకపోతే గీతలు కదులుతాయి, రేషన్ మిషన్ స్క్రీన్‌కి ఒకసారి టెస్ట్ తీసి చూసుకో. నువ్వు చెప్పిన లక్షన్నర బడ్జెట్‌లో కొత్త లెన్స్ కొనకు, మైకు మీద పెట్టు, ఆ క్యూలో జనం అనే మాటలు నీ వాయిస్ ఓవర్ కంటే బాగుంటాయి. డీలర్ని ముందే కలిసి టీ తాగి విషయం చెప్పు, అతన్ని విలన్ చేయకు, ఆ మిషన్ పనిచేయకపోతే జనంతో తిట్లు తినేది అతనే. కార్డు మీద ఆధార్ నంబరు ఫ్రేములో పడితే ఎడిట్‌లో మొదటి ఎనిమిది అంకెలు కప్పేయడం మర్చిపోకు.

వచ్చే నెల రేషన్ ఇవ్వడం మొదలవ్వగానే నానమ్మతో వెళ్లు. ట్రైపాడ్ వేసి ఫ్రేములో వేలు, మిషను, డీలర్ చెయ్యి, సంచి, ఇవి నాలుగూ ఉండేలా చూసుకో, ముఖం ఇప్పుడే వద్దు. రికార్డు నొక్కాక బియ్యం సంచిలో పడేదాకా ఆపకు, పడకపోతే ఆమె ఆ సంచి మడతపెట్టి చంకలో పెట్టుకునేదాకా ఆపకు.